బిల్లు తగాదా తేలేదాకా కరెంటు తీయకండి: రెండు రాష్ట్రాల విద్యుత్ నియంత్రణ మండళ్లకు బహిరంగ లేఖ

గౌరవనీయులైన ఆంధ్రప్రదేశ్, తెలంగాణ విద్యుత్ నియంత్రణ మండళ్ల అధ్యక్షులకు, సభ్యులకు,

నమస్కారం.

కరెంటు బిల్లు తప్పుగా వచ్చిందని నమ్మే మనిషికి 2003 విద్యుత్ చట్టం ఒక గట్టి రక్షణ ఇచ్చింది. అది 56వ సెక్షన్‌లో ఉంది. బిల్లు కట్టనివాళ్లకు 15 రోజుల ముందు రాతపూర్వకంగా నోటీసు ఇచ్చి డిస్కం (కరెంటు పంపిణీ సంస్థ) సరఫరా ఆపవచ్చని చెప్పిన ఆ సెక్షనే, వెంటనే ఒక మినహాయింపు కూడా చెప్పింది. తగాదా ఉన్నప్పుడు వినియోగదారుడు తన అభ్యంతరం తెలిపి, అడిగిన మొత్తమో, గడిచిన ఆరు నెలల బిల్లుల సగటు లెక్కన నెలనెలా పడే మొత్తమో, ఈ రెండింటిలో ఏది తక్కువైతే అది కడితే చాలు. తగాదా తేలేదాకా సరఫరా ఆపకూడదు. ఇరవై ఏళ్లకు పైగా ఈ మాట చట్టంలో ఉంది. అయినా బిల్లు కట్టే కౌంటర్ దగ్గర ఈ హక్కు వాడుకోగలిగిన సామాన్యుడు ఒక్కరూ నాకు ఇంతవరకు తారసపడలేదు. దాన్ని కౌంటర్ దాకా తీసుకురమ్మని అడగడానికే ఈ లేఖ రాస్తున్నాను.

నేను వకీలును కాను. మా ఊళ్లో వినియోగదారులకు అర్జీలు రాసిపెట్టే నలుగురిలో ఒకరిని. బ్యాంకు, బీమా, గ్యాస్, చిట్ ఫండ్, అన్ని రకాల గొడవలూ మా దగ్గరికి వస్తాయి. వాటన్నిటిలో ఎక్కువ టెన్షన్‌తో వచ్చేది కరెంటు బిల్లు పట్టుకొచ్చినవాళ్లే. బ్యాంకుతో గొడవైతే ఆ రాత్రి ఇంట్లో ఫ్యాన్ ఆగదు. బీమా కంపెనీతో గొడవైతే పిల్లలు చీకట్లో చదువుకోనక్కర్లేదు. కరెంటు తగాదాలో అవతలివాళ్ల చేతిలో ఫ్యూజు ఉంటుంది. తప్పు ఎవరిదో తేలకముందే శిక్ష పడిపోతుంది. అందుకే చాలామంది అప్పు చేసైనా సరే మొత్తం కట్టేసి, ఆ తర్వాత ఇక ఎక్కడికీ వెళ్లరు. కోర్టు మెట్లు ఎక్కకముందే కేసు ముగిసిపోతుంది.

ఒక ఇంటి సంగతి చెబుతాను. ఊరు, ఆఫీసు పేర్లు అనవసరం. ఆవిడ ఇంటి ముందు గదిలో మోటారు మిషన్ పెట్టుకుని జాకెట్లు, పిల్లల గౌన్లు కుడుతుంది. భర్త ఆటో నడుపుతాడు. నెలకు ఐదారు వందలు దాటని బిల్లు ఒక నెల ముప్పై వేల పైచిలుకు వచ్చింది. స్పాట్ బిల్లు కాగితంలో పాత బాకీ అన్నచోట ఆ అంకె ఉంది. ఏ నెలల బాకీ, ఎందుకు పడింది, ఎవరు లెక్క కట్టారు అన్నది ఎక్కడా లేదు. దగ్గర్లోని కరెంటు ఆఫీసులో (సెక్షన్ ఆఫీసులో) అడిగితే మీటరు చాన్నాళ్లుగా స్లోగా తిరిగిందని రిపోర్టు వచ్చిందన్నారు. ఆ రిపోర్టు కాపీ అడిగితే రెవెన్యూ ఆఫీసులో ఏఏఓ (అసిస్టెంట్ అకౌంట్స్ ఆఫీసర్) గారిని కలవమన్నారు. అక్కడికి వెళ్తే లెక్క వేసింది మేమే గానీ తనిఖీ చేసింది వేరే వింగ్ వాళ్లని చెప్పారు.

ఆవిడ కౌంటర్ దగ్గరికెళ్లి, ఎప్పుడూ వచ్చే బిల్లు ఇప్పుడే కట్టేస్తానని, మిగతాది తేలాక చూద్దామని అడిగింది. అచ్చం చట్టం చెప్పిన మాటే. చట్టం తెలిసి అన్నది కాదు, న్యాయంగా తోచి అన్నది. కౌంటర్‌లో ఉన్న అబ్బాయి మర్యాదగానే, "సిస్టమ్ తీసుకోదమ్మా, ఫుల్ కడితేనే రసీదు వస్తుంది, తర్వాత అడ్జస్ట్ చేస్తారు" అన్నాడు. గడువు దాటాక లైన్‌మన్ వచ్చాడు. ఆయనా చెడ్డవాడేం కాదు. "అక్కా, లిస్టులో మీ సర్వీస్ నంబర్ ఉంది, తీయకపోతే నన్నడుగుతారు" అని స్తంభం ఎక్కాడు.

రెండు రోజులు మిషన్ ఆగింది. పండగ ముందు రోజులు, ఒప్పుకున్న బట్టలు కుట్టకుండా మిగిలిపోయాయి. మూడో రోజు డ్వాక్రా గ్రూపులో డబ్బు తీసుకుని సగం కట్టింది. మిగతాది వాయిదాల్లో కడతానని రాసివ్వమన్నారు. ఆ కాగితంలో బాకీ నిజమేనని ఒప్పుకుంటున్నట్టు ఒక వాక్యం ఉంది. కరెంటు వస్తే చాలనుకుని సంతకం పెట్టింది. మా దగ్గరికి వచ్చింది ఆ తర్వాతే. ఫిర్యాదు రాస్తే వచ్చిన మొదటి జవాబు, బాకీ ఒప్పుకుని వాయిదాలు కోరారు కదా అని. ఆ సంతకం వల్ల ఆవిడ కేసు ఎంత బలహీనపడిందో తమరికి నేను చెప్పనక్కర్లేదు.

ఇక్కడ ఎవరి దుర్మార్గమూ లేదు. కౌంటర్ కుర్రాడికి కంప్యూటర్‌లో ఆ గడి లేదు. లైన్‌మన్ చేతిలో ఉన్నది లిస్టు, అందులో తగాదా ఉన్న సర్వీసు అన్న గుర్తు లేదు. చట్టంలో ఉన్న హక్కును సాఫ్ట్‌వేర్‌లో ఎవరూ రాయలేదు. దాన్ని రాయించగల అధికారం తమకు ఉంది. 50వ సెక్షన్ కింద సరఫరా కోడ్ (సరఫరా నియమావళి) తయారుచేసేది రాష్ట్ర విద్యుత్ నియంత్రణ మండలే. బిల్లుల వసూలు, సరఫరా నిలిపివేత, మళ్లీ ఇవ్వడం అన్నీ ఆ కోడ్‌లోకే వస్తాయి. ఉమ్మడి రాష్ట్రంలో 2004లో వచ్చిన కోడ్ ఇరవై ఏళ్ల నాటిది. అప్పట్లో బిల్లు యాప్‌లో కట్టేవాళ్లు లేరు.

ఇప్పుడు గడపల సంగతి. బిల్లు మీద తగాదాకి ఎక్కడికి వెళ్లాలని అడిగితే ఒక్క ముక్కలో చెప్పడం నాకే కష్టం. చట్టం దారులు చాలానే వేసింది. ఏ దారి ఎవరిదో తెలిపే బోర్డు మాత్రం పెట్టలేదు.

మామూలు బిల్లు తప్పు, మీటరు తప్పు, కేటగిరీ తప్పు అయితే మొదట డిస్కం లోపలే ఉండే ఫిర్యాదుల పరిష్కార వేదిక (ఫోరం). 42వ సెక్షన్ ప్రకారం ప్రతి డిస్కం దాన్ని పెట్టాలి. అక్కడ న్యాయం జరగలేదనుకుంటే తమరు నియమించిన విద్యుత్ అంబుడ్స్‌మన్ దగ్గరికి వెళ్లొచ్చు. ఈ దారి పట్టినంత మాత్రాన మిగతా హక్కులు పోవని అదే సెక్షన్ చెబుతోంది. కాబట్టి జిల్లా వినియోగదారుల కమిషన్‌కూ వెళ్లొచ్చు. 2019 వినియోగదారుల రక్షణ చట్టంలో సేవ అన్న మాటకిచ్చిన నిర్వచనంలోనే విద్యుత్ సరఫరా ఉంది. ఇంటి బిల్లు తగాదాకి అక్కడ ఫీజు ఉండదు. తన కేసు తానే వాదించుకోవచ్చు, ఆన్‌లైన్‌లో వేయొచ్చు. కేసు తేలేలోగా సరఫరా ఆపొద్దని మధ్యంతర ఉత్తర్వు అడగొచ్చు. రెండేళ్లలోపు వేయాలి, అంతే. మిషన్ కుట్టుకుని బతికే ఆవిడలాంటి వాళ్లు స్వయం ఉపాధి కిందికి వస్తారు కాబట్టి, వాణిజ్యమని చెప్పి వాళ్లను బయటికి పంపడానికీ వీల్లేదు.

మూడో గడప గురించి చాలా తక్కువమందికి తెలుసు. అది శాశ్వత లోక్ అదాలత్. రెండు మూడు నెలలకొకసారి పేపర్లో ప్రకటన వచ్చే జాతీయ లోక్ అదాలత్ వేరు, ఇది వేరు. అక్కడ రాజీ కుదిరితేనే తీర్పు. ఇక్కడ ముందు రాజీకి ప్రయత్నిస్తారు, కుదరకపోతే నేరానికి సంబంధించిన వ్యవహారం కానంతవరకు మంచిచెడ్డలు విచారించి తీర్పు ఇస్తారు. 1987 న్యాయసేవల చట్టం ప్రకారం విద్యుత్ సరఫరా ప్రజోపయోగ సేవల్లో ఒకటి. కోటి రూపాయల దాకా వివాదాలు తీసుకుంటారు. కోర్టు ఫీజు లేదు. తీర్పు సివిల్ కోర్టు డిక్రీతో సమానం, దాని మీద అప్పీలు లేదు. ఒక్క జాగ్రత్త ఉంది. ఏ కోర్టుకూ వెళ్లకముందే ఇక్కడికి రావాలి, వచ్చాక ఇదే వివాదం మీద ఇంకో కోర్టుకు వెళ్లకూడదు. నన్నడిగితే, లెక్క తప్పు స్పష్టంగా ఉన్న చిన్న బిల్లులకు దీనికన్నా మంచి చోటు లేదు. వకీలు కావాలనుకుంటే ఆడవాళ్లకు, ఎస్సీ, ఎస్టీలకు, వికలాంగులకు ఆదాయంతో పనిలేకుండా న్యాయసేవల సంస్థే ఉచితంగా ఇస్తుంది. 15100కి ఫోన్ చేస్తే చెబుతారు.

ఇంతవరకూ బాగానే ఉంది. చిక్కంతా 126వ సెక్షన్ దగ్గర వస్తుంది. ఒక పనికి ఇచ్చిన కనెక్షన్‌ను ఇంకో పనికి వాడారనో, మీటరులో మార్పు చేశారనో డిస్కం అధికారి అనుకుంటే దాన్ని అనధికార వినియోగం అంటారు. అప్పుడు టారిఫ్‌కు (నిర్ణయించిన యూనిట్ ధరకు) రెండింతలు వేస్తారు. ఎప్పటినుంచో తేలకపోతే తనిఖీకి ముందు పన్నెండు నెలలకు లెక్క కడతారు. మొదట తాత్కాలిక ఉత్తర్వు ఇచ్చి, అభ్యంతరాలు విని, 30 రోజుల్లో తుది ఉత్తర్వు ఇవ్వాలి. దానిమీద అప్పీలు 127వ సెక్షన్ కింద 30 రోజుల్లో వేయాలి, అదీ సగం డబ్బు ముందు కట్టి. 145వ సెక్షన్ ప్రకారం సివిల్ కోర్టు ఇందులో తలదూర్చదు. డిస్కం ఫోరం తీసుకోదు. ఉత్తరప్రదేశ్ పవర్ కార్పొరేషన్ కేసులో 2013 జులై 1న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు తర్వాత వినియోగదారుల కమిషన్ కూడా తీసుకోదు. ఇక దొంగతనమని 135వ సెక్షన్ కింద కేసు పెడితే అది ప్రత్యేక కోర్టుకు పోతుంది. హైకోర్టుకు రిట్ వేయొచ్చు గానీ, వేరే దారి ఉండగా ఇక్కడికెందుకు వచ్చారన్న ప్రశ్నే సాధారణంగా ముందు ఎదురవుతుంది.

అంటే బిల్లు ఏ సెక్షన్ కింద వేశారన్నదాన్ని బట్టే మనిషి ఏ గడప తొక్కాలో తేలుతుంది. గడువు ఎంతో, ముందు ఎంత కట్టాలో కూడా దాన్ని బట్టే. అలాంటప్పుడు ఆ సెక్షన్ నంబరే బిల్లు మీద లేకపోతే ఏం చేయాలి? ఆ టైలరింగ్ ఆవిడ కాగితంలో ఉన్నది పాత బాకీ అన్న మాట ఒక్కటే. మీటరు స్లో అయితే ఫోరం. ఇంటి కనెక్షన్ మీద మిషన్ కుట్టిందని వేశారంటే 127 కింద అప్పీలు. మొదటిదనుకుని ఫోరానికి వెళ్తే, నెలలు గడిచాక ఇది 126 వ్యవహారం, మా పరిధిలో లేదనవచ్చు. అప్పటికి అప్పీలు గడువు 30 రోజులు దాటిపోయి ఉంటాయి. పేదవాడి కేసు న్యాయం లేక ఓడిపోవడం వేరు, తప్పు తలుపు తట్టినందుకు ఓడిపోవడం వేరు. రెండోదాన్ని ఒక్క వాక్యం అచ్చువేసి ఆపొచ్చు.

వెనకటి బాకీల గురించి సుప్రీంకోర్టు చెప్పిన మాటలు కూడా జనానికి చేరడం లేదు. 56వ సెక్షన్ రెండో భాగం ప్రకారం, బాకీ మొదట కట్టాల్సి వచ్చిన రోజు నుంచి రెండేళ్లు దాటితే, బిల్లుల్లో వరసగా చూపిస్తూ వస్తే తప్ప వసూలు చేయకూడదు. దీన్ని చదివి చాలామంది పాత బాకీ మొత్తం మాఫీ అనుకుంటారు. రాజస్థాన్‌లో అజ్మీర్ డిస్కం ఒక వినియోగదారుడికి 2009 జులై నుంచి 2011 సెప్టెంబరు దాకా పొరపాటున వేరే టారిఫ్ వేసి, 2014 మార్చిలో అదనపు బిల్లు ఇచ్చింది. ఆయన జిల్లా ఫోరంలో మొదలుపెట్టిన కేసు 2020 ఫిబ్రవరి 18న సుప్రీంకోర్టులో తేలింది. కోర్టు చెప్పింది ఇది. బిల్లు ఇచ్చిన రోజు నుంచే బాకీ కట్టాల్సినదవుతుంది. రెండేళ్లు దాటాక పొరపాటు బయటపడినా డిస్కం అదనపు డబ్బు అడగొచ్చు, చట్టప్రకారం వసూలుకు వెళ్లొచ్చు. కానీ దానికోసం సరఫరా ఆపే ఆయుధం వాడకూడదు. 2021 అక్టోబరులో హరియాణా నూలు మిల్లు కేసులో, మీటరు గుణకం (రీడింగ్‌ను హెచ్చవేసే అంకె) తప్పుగా వేసి తక్కువ వసూలు చేసిన కోటీ ముప్పై ఐదు లక్షల పైచిలుకును తర్వాత అడగడం సేవాలోపం కిందికి రాదని అదే కోర్టు తేల్చింది.

ఈ రెండు తీర్పులూ వినియోగదారుడికి పూర్తిగా అనుకూలం కావు. అయినా నాకు అవి న్యాయంగానే తోస్తాయి. వాడుకున్న కరెంటుకు డబ్బు కట్టాల్సిందే. మేం అడిగేది మాఫీ కాదు. డిస్కం తప్పు వల్ల ఏళ్ల తర్వాత బిల్లు వస్తే, ఫ్యూజు పీకి వసూలు చేయొద్దని, లెక్క చూపించి అడగమని అంటున్నాం. ఆ 2020 తీర్పులో సామాన్యుడికి దక్కిన భాగం అదొక్కటే. అది మా సెక్షన్ ఆఫీసు గోడ మీద లేదు, లైన్‌మన్ లిస్టులోనూ లేదు.

మీటరు అనుమానాల గురించి కేంద్రం కూడా మంచి నియమాలే ఇచ్చింది. 2020 డిసెంబరు 31న వచ్చిన విద్యుత్ వినియోగదారుల హక్కుల నియమాల ప్రకారం ఒక ఆర్థిక సంవత్సరంలో రెండుకు మించి అంచనా బిల్లులు వేయకూడదు. అది దాటితే, అసలు రీడింగ్‌తో బిల్లు ఇచ్చేదాకా కట్టనని చెప్పే హక్కు వినియోగదారుడిది. రీడింగ్ తప్పని ఫిర్యాదు చేస్తే ఐదు రోజుల్లో పక్కనే ఇంకో మీటరు పెట్టి కనీసం మూడు నెలలు పోల్చి చూడాలని 2024 ఫిబ్రవరిలో సవరించారు. ఫిర్యాదుల పరిష్కారానికి 45 రోజులు మించకూడదన్నారు. డోర్ లాక్ అని రాసేసి నెలల తరబడి సగటు బిల్లు వేసి, ఒకేసారి వేలకు వేలు మీద పడేసే పద్ధతి ఈ నియమాల ముందు నిలబడదు. అయినా నడుస్తూనే ఉంది. తెలంగాణలో 2024 మార్చి నుంచి గృహజ్యోతి కింద 200 యూనిట్లలోపు వాడే అర్హులైన ఇళ్లకు సున్నా బిల్లు వస్తోంది, దాటితే బిల్లు కట్టాలి. అలాంటి ఇంటికి రీడింగ్ నాలుగు రోజులు ఆలస్యమైతే ఎంత తేడానో ఆలోచించండి. రోజుల లెక్కన సర్దారా లేదా అన్నది ఆ ఇంటి ఇల్లాలికి బిల్లు చూస్తే అర్థమవ్వాలి.

స్పాట్ బిల్లు కాగితం గురించి ఒక మాట. ఆ థర్మల్ కాగితం మీద అచ్చు ఏడాది తిరిగేసరికి వెలిసిపోతుంది. బీరువాలో జాగ్రత్తగా దాచుకున్న బిల్లులు కేసు వేసేనాటికి తెల్ల కాగితాలవుతాయి. మా దగ్గరికొచ్చే ప్రతి ఒక్కరికీ బిల్లు రాగానే ఫోన్‌లో ఫొటో తీసిపెట్టుకోమని, జిరాక్స్ తీయించమని చెబుతాం. సాక్ష్యం నిలవని కాగితం మీద సాక్ష్యం ఇస్తున్నప్పుడు, కనీసం రెండు మూడేళ్ల బిల్లులు, రీడింగులు, మీటరు మార్పిడి వివరాలు ఆన్‌లైన్‌లో తీసుకునే వీలు ప్రతి డిస్కంలోనూ ఒకే తీరుగా ఉండాలి.

ట్రూ అప్ (గడిచిన ఏళ్ల ఖర్చులో తేడాను తర్వాతి బిల్లుల్లో వసూలు చేయడం), ఇంధన సర్దుబాటు ఛార్జీల మీద కూడా జనానికి కోపం ఉంది, న్యాయమైన కోపమే. అయితే అది ఒక ఇంటి బిల్లు తగాదా కాదు. దాన్ని తమ బహిరంగ విచారణల్లో, ఆపైన ఢిల్లీలో అప్పిలేట్ ట్రిబ్యునల్‌లో తేల్చుకోవాలి. దాని గురించి వేరే లేఖ రాస్తాం.

ఈ నేల మీద కరెంటు బిల్లు ఎంత పెద్ద విషయమో తమకు తెలియంది కాదు. 1998 సంస్కరణల చట్టంతో నియంత్రణ మండలి వచ్చింది. కొద్దికాలానికే ఛార్జీలు పెరిగాయి. 2000 ఆగస్టు 28న హైదరాబాద్ బషీర్‌బాగ్‌లో ఆ పెంపు మీద నిరసనకు వచ్చినవాళ్ల మీద పోలీసులు కాల్పులు జరిపారు. ముగ్గురు ప్రాణాలు పోయాయి. ఆ రోజు తర్వాత ఏ ప్రభుత్వమూ కరెంటు బిల్లును తేలిగ్గా తీసుకోలేదు. జనం వీధిలోకి రాకుండా కుర్చీలో కూర్చుని మాట్లాడుకోవడానికే ఈ ఫోరాలు, అంబుడ్స్‌మన్లు, కమిషన్లు వచ్చాయని నేను నమ్ముతాను. నమ్ముతాను కాబట్టే వాటి తలుపు అందరికీ కనబడాలని కోరుతున్నాను.

ప్రీపెయిడ్ స్మార్ట్ మీటర్లు ఇళ్లకూ వస్తే ఈ సమస్య ఇంకా ముదురుతుంది. ఇప్పుడు లైన్‌మన్ స్తంభం ఎక్కాలి. అతన్ని బతిమాలుకోవచ్చు, నోటీసు ఏదని అడగొచ్చు. ప్రీపెయిడ్‌లో బ్యాలెన్సు సున్నా అయితే ఎవరూ రాకుండానే సరఫరా ఆగిపోతుంది. పాత బాకీని రీఛార్జి డబ్బులోంచి కోసుకునే ఏర్పాటు పెడితే తగాదా ఉన్న డబ్బు అడక్కుండానే పోతుంది. 15 రోజుల నోటీసు అక్కడ ఎలా ఇస్తారు? అభ్యంతరం తెలిపి సగటు కట్టే హక్కు ఎలా వాడుకోవాలి? మీటర్లు బిగించాక కాదు, ముందే దీనికి జవాబు కోడ్‌లో రాయాలి.

మేం అడుగుతున్నవి కొత్త హక్కులు కావు. తగాదా ఉందని వినియోగదారుడు రాసివ్వగానే కౌంటర్‌లోనూ యాప్‌లోనూ ఆరు నెలల సగటు ఎంతో కంప్యూటరే లెక్కకట్టి చూపాలి, ఆ మొత్తం తీసుకుని అభ్యంతరంతో కట్టినట్టు రసీదు ఇవ్వాలి. అప్పటినుంచి ఆ సర్వీస్ నంబరు కటింగ్ లిస్టులో రాకూడదు. అదనపు బిల్లు ఏదైనా మామూలు బిల్లులో కలిపి వేయకుండా వేరే కాగితం మీద తెలుగులో ఇవ్వాలి. ఏ సెక్షన్ కింద, ఏ నెలలకు, ఏ రీడింగ్ ఆధారంగా, తనిఖీ ఎవరు చేశారు, ఎన్ని రోజుల్లో ఎక్కడ అభ్యంతరం చెప్పాలి అన్నవన్నీ అందులో ఉండాలి. అలా లేని డిమాండ్ మీద సరఫరా ఆపే వీలు ఉండకూడదు. వాయిదాలు అడిగిన మనిషి దగ్గర బాకీ ఒప్పుకున్నట్టు రాయించుకోవడం మానిపించాలి. వాయిదా పత్రంలోనే, దీనివల్ల నా అభ్యంతరం పోదని ఒక వాక్యం అచ్చువేస్తే చాలు.

ఫోరం ఉత్తర్వుల గురించి కూడా. గెలిచినవాళ్లకే తాము గెలిచామో లేదో ఎవరో చదివి చెప్పాల్సి వస్తోంది. ఉత్తర్వు ఇంగ్లీషులో ఉన్నా, ఏం తేల్చారో, ఎవరు ఎన్ని రోజుల్లో ఏం చేయాలో తెలుగులో ఒక పేజీ జతచేయించండి. ఫోరం సభ్యులు ఊళ్లకు వచ్చి విచారణ జరిపే రోజులు సెక్షన్ ఆఫీసు బోర్డు మీద, బిల్లు వెనక వేయించండి. శాశ్వత లోక్ అదాలత్ చిరునామా కూడా అక్కడే వేయించండి. బిల్లు వెనక వైపు పొదుపు సూచనలు, ప్రకటనలు వేస్తుంటారు. వాటికంటే ఇది ముఖ్యం.

డిస్కంల ఇబ్బంది నాకు తెలియక కాదు. ఈ వీలును ఎగవేతకు వాడుకునేవాళ్లు కొందరు ఉంటారు. నెలనెలా సగటు కట్టకపోతే ఈ రక్షణ ఉండదని చట్టమే చెబుతోంది, కాబట్టి ఊరికే ఎగ్గొట్టేవాడికి ఇది ఉపయోగపడదు. ఓడిపోతే మిగతా డబ్బు కట్టక తప్పదు. తగాదా ఉన్న సర్వీసులు గుర్తు పెట్టి వేరు చేస్తే, ఫోరంలో ఎన్ని ఆగిపోయి ఉన్నాయో డిస్కం పెద్దలకే తెలుస్తుంది. ఏ సెక్షన్ ఆఫీసులో తప్పులు ఎక్కువ వస్తున్నాయో కూడా తెలుస్తుంది.

కోడ్ సవరించాలంటే ముసాయిదా ప్రకటించి అభ్యంతరాలు స్వీకరించాలి. ఆ ముసాయిదాను తెలుగులో ఇవ్వండి. విచారణ ఒక్క హైదరాబాద్‌లోనో కర్నూలులోనో కాకుండా జిల్లాల్లో కూడా పెట్టండి. బిల్లులు, రసీదులు, ఫోరం ఉత్తర్వుల కాపీలతో మేం వస్తాం. ఆ టైలరింగ్ ఆవిడ కూడా వచ్చి మాట్లాడతానంది. ఆవిడ ఫిర్యాదు ఇంకా ఫోరంలో ఉంది, వాయిదాలు మాత్రం ప్రతి నెలా కడుతూనే ఉంది.

ఇట్లు,
ఒక విద్యుత్ వినియోగదారు